సహసమాకలనం, దోష సవరణ నమూనాలు

సహసమాకలనం అనేది అర్థమితి శాస్త్రంలో కాలశ్రేణుల విశ్లేషణకు సంబంధించిన ఒక ముఖ్యమైన భావన. ఆంగ్లంలో దీనిని కోఇంటిగ్రేషన్ అంటారు. విడివిడిగా చూసినపుడు ఏ సగటు చుట్టూ నిలవకుండా కాలంతో పాటు సాగిపోయే రెండు లేదా అంతకంటే ఎక్కువ శ్రేణులను తగిన గుణకాలతో కలిపినపుడు, ఆ కలయిక మాత్రం ఒక నిలకడైన సగటు చుట్టూనే తిరుగుతూ ఉంటే, ఆ శ్రేణులను సహసమాకలిత శ్రేణులు అంటారు. ఇటువంటి శ్రేణుల మధ్య దీర్ఘకాలిక సమతాస్థితి సంబంధం ఉన్నదని అర్థం చేసుకుంటారు.

ఆ సంబంధం తాత్కాలికంగా చెదిరినపుడు చలరాశులు తిరిగి సమతాస్థితి వైపు ఎంత వేగంగా మరలుతాయో తెలిపే సమీకరణాన్ని దోష సవరణ నమూనా అంటారు. సహసమాకలనం దీర్ఘకాలాన్ని వర్ణిస్తుంది. దోష సవరణ నమూనా ఆ దీర్ఘకాలిక సంబంధాన్ని స్వల్పకాలిక మార్పులతో ఒకే సమీకరణంలో జోడిస్తుంది. ఈ రెండూ ఒకే విషయానికి రెండు రూపాలని క్లైవ్ గ్రాంజర్, రాబర్ట్ ఎంగిల్ 1987లో నిరూపించారు. ఈ కృషికి గాను గ్రాంజర్‌కు 2003లో ఆర్థిక శాస్త్రంలో నోబెల్ స్మారక బహుమతి లభించింది. అదే సంవత్సరం ఆ బహుమతిని పంచుకున్న ఎంగిల్‌కు మాత్రం కాలంతో మారే ఒడిదుడుకులను విశ్లేషించే ఆర్చ్ నమూనాలకు గాను ఆ గౌరవం దక్కింది.

స్థిర శ్రేణులు, అస్థిర శ్రేణులు

ఒక చలరాశి విలువలను కాలక్రమంలో నమోదు చేస్తే ఏర్పడేది కాలశ్రేణి. నెలవారీ ధరలు, త్రైమాసిక జాతీయాదాయం, రోజువారీ మారకపు రేట్లు ఇందుకు ఉదాహరణలు. ఒక శ్రేణి సగటు, విస్తృతి కాలంతో మారకుండా ఉండి, రెండు విలువల మధ్య సహసంబంధం వాటి మధ్య ఉన్న కాలవ్యవధిపై మాత్రమే ఆధారపడితే దానిని స్థిర శ్రేణి అంటారు. ఇక్కడ స్థిరం అంటే విలువ మారదని కాదు. విలువ మారుతూనే ఉంటుంది, కాని మారే తీరు మారదు. ఏదైనా కుదుపు వలన సగటు నుండి దూరంగా వెళ్ళినా కొంతకాలానికి ఆ కుదుపు ప్రభావం అణగిపోయి శ్రేణి తిరిగి సగటును చేరుతుంది.

ఆర్థిక శ్రేణులలో చాలావాటికి ఈ లక్షణం ఉండదు. వీటికి అతి సరళమైన నమూనా యాదృచ్ఛిక నడక. ఇందులో నేటి విలువ నిన్నటి విలువకు ఒక యాదృచ్ఛిక కుదుపును కలిపితే వస్తుంది. కాబట్టి ఏ రోజు విలువైనా మొదటి విలువకు అప్పటి వరకు వచ్చిన కుదుపులన్నిటినీ కూడగా వచ్చిన మొత్తమే. పాత కుదుపు ప్రభావం ఎన్నటికీ చెరగదు. విస్తృతి కాలంతో పాటు పెరుగుతూ పోతుంది. ఒక అడుగులోని ప్రామాణిక విచలనం 1 అయితే 100 అడుగుల తరువాత అది 10 అవుతుంది, 10,000 అడుగుల తరువాత 100 అవుతుంది.

కుదుపుల సంకలనం వలన ఏర్పడుతుంది కనుక ఇటువంటి శ్రేణిని సమాకలిత శ్రేణి అంటారు. ఒక్కసారి భేదం తీస్తే, అనగా ప్రతి విలువ నుండి దాని ముందు విలువను తీసివేస్తే, స్థిరంగా మారే శ్రేణిని ఒకటవ తరగతి సమాకలిత శ్రేణి అని, సంక్షిప్తంగా ఐ(1) అని వ్రాస్తారు. భేదం తీయనవసరం లేకుండానే స్థిరంగా ఉన్నది ఐ(0). రెండుసార్లు భేదం తీయవలసినది ఐ(2). ఐ(1) శ్రేణికి ఏకక మూలం ఉన్నదని కూడా అంటారు. 1982లో చార్లెస్ నెల్సన్, చార్లెస్ ప్లాసర్ అమెరికాకు చెందిన 14 స్థూల ఆర్థిక శ్రేణులను పరీక్షించి, నిరుద్యోగిత రేటు మినహా మిగిలిన 13 శ్రేణులలోనూ ఏకక మూలం ఉన్నదనే పరికల్పనను తిరస్కరించలేకపోయారు. ఆ తరువాత ఈ సమస్యను ఉపేక్షించడం ఆర్థిక పరిశోధకులకు సాధ్యం కాలేదు.

మిథ్యా ప్రతిగమనం

ఒకదానితో ఒకటి ఏ సంబంధమూ లేని రెండు అస్థిర శ్రేణులను తీసుకొని సాధారణ ప్రతిగమన పద్ధతిలో పోల్చితే, వాటి మధ్య బలమైన సంబంధం ఉన్నట్లు తరచుగా కనిపిస్తుంది. దీనిని మిథ్యా ప్రతిగమనం అంటారు.

బ్రిటిష్ సాంఖ్యక శాస్త్రవేత్త జార్జ్ ఉడ్నీ యూల్ 1926లో ఈ సమస్యను స్పష్టంగా చర్చించాడు. ఆయన ఇంగ్లండు, వేల్స్‌లలో 1866 నుండి 1911 వరకు జరిగిన వివాహాలలో ఆంగ్లికన్ చర్చి పద్ధతిన జరిగిన వివాహాల నిష్పత్తిని, అదే కాలంలోని మరణాల రేటును పోల్చాడు. రెండింటి మధ్య సహసంబంధ గుణకం 0.9512 వచ్చింది. చర్చి వివాహాలు తగ్గడం వలన మరణాలు తగ్గాయని ఎవరూ అనరు. రెండు శ్రేణులూ ఆ కాలంలో ఒకే దిశలో జారడమే ఈ పెద్ద సంఖ్యకు కారణం.

1974లో క్లైవ్ గ్రాంజర్, పాల్ న్యూబోల్డ్ కంప్యూటరుపై పరస్పర సంబంధం లేని యాదృచ్ఛిక నడకలను సృష్టించి ఒకదానిపై మరొకటి ప్రతిగమనం చేశారు. సంబంధం లేదనే శూన్య పరికల్పన 5 శాతం సార్థకత స్థాయిలో నూటికి 5 సార్లు మాత్రమే పొరపాటున తిరస్కరించబడాలి. కాని వారి ప్రయోగంలో అది సుమారు మూడు వంతుల సందర్భాలలో తిరస్కరించబడింది. నిర్ధారణ గుణకం డర్బిన్-వాట్సన్ విలువ కంటే ఎక్కువగా ఉంటే ఆ ప్రతిగమనాన్ని అనుమానించాలని వారు సూచించారు.

1986లో పీటర్ ఫిలిప్స్ దీనికి గణిత సిద్ధాంతాన్ని అందించాడు. మిథ్యా ప్రతిగమనంలో టి-విలువ ఒక స్థిరమైన విభాజనానికి చేరుకోదు, ప్రతిదర్శ పరిమాణంతో పాటు పెరుగుతూనే పోతుంది. అనగా ఎక్కువ దత్తాంశాలు సేకరిస్తే తప్పు సరిదిద్దబడకపోగా మరింత గట్టిపడుతుంది. సాధారణ సాంఖ్యక శాస్త్రంలో ఎక్కువ దత్తాంశాలు మేలు చేస్తాయన్న నమ్మకానికి ఇది పూర్తిగా విరుద్ధం.

1980లో ప్రచురితమైన తన ఉపన్యాసంలో డేవిడ్ హెండ్రీ ఈ ప్రమాదాన్ని వ్యంగ్యంగా చూపాడు. బ్రిటన్‌లో ధరల స్థాయిని ద్రవ్య సరఫరా కంటే మెరుగుగా వివరించే ఒక చలరాశిని ఆయన ప్రవేశపెట్టాడు. అది ఆ దేశంలో కురిసిన వర్షపాతపు సంచిత మొత్తం. ద్రవ్య విధానం గురించి వాదోపవాదాలు తీవ్రంగా నడుస్తున్న ఆ కాలంలో, ఎటువంటి ప్రతిగమనాలపై ఆధారపడి విధాన నిర్ణయాలు తీసుకొనే అవకాశం ఉన్నదో ఈ ఉదాహరణ తేటతెల్లం చేసింది.

భేదం తీయడం, దాని లోపం

మిథ్యా ప్రతిగమనం నుండి తప్పించుకోవడానికి తోచే మొదటి ఉపాయం శ్రేణులన్నిటికీ భేదం తీసి, విలువల మధ్య కాక వాటి మార్పుల మధ్య సంబంధాన్ని చూడటం. 1970లో వెలువడిన జార్జ్ బాక్స్, గ్విలిమ్ జెంకిన్స్ గ్రంథం తరువాత ఈ పద్ధతి బాగా వ్యాపించింది. దీనితో మిథ్యా సంబంధాలు తొలగిపోతాయి. కాని వాటితో పాటు నిజమైన దీర్ఘకాలిక సంబంధం కూడా తొలగిపోతుంది. ఆర్థిక సిద్ధాంతం ఎక్కువగా మాట్లాడేది విలువల మధ్య సంబంధం గురించే. వినియోగం ఆదాయానికి లోబడి ఉంటుందని, ఒకే సరుకు ధర రెండు మార్కెట్లలో ఎక్కువ కాలం వేరుగా ఉండదని సిద్ధాంతం చెబుతుంది. మార్పులను మాత్రమే చూచే సమీకరణానికి రెండు ధరల మధ్య దూరం ఎంత పెరిగినదో తెలియదు. అవి ఎంత దూరం జరిగినా తిరిగి దగ్గరకు రావాలనే నిబంధన దానిలో లేదు.

విలువలతో పని చేస్తే మిథ్యా సంబంధం, భేదాలతో పని చేస్తే దీర్ఘకాలిక సమాచారపు నష్టం. సహసమాకలన భావన ఈ చిక్కును విడదీసింది.

నిర్వచనం

రెండు శ్రేణులు ఐ(1) తరగతికి చెందినవై, వాటి ఏదో ఒక రేఖీయ సంయోగం ఐ(0) అయితే ఆ రెండూ సహసమాకలితాలు. ఆ సంయోగంలోని గుణకాలను సహసమాకలన సదిశ అంటారు. సాధారణంగా రెండు ఐ(1) శ్రేణులను ఎలా కలిపినా వచ్చేది మరొక ఐ(1) శ్రేణి. అందుచేత స్థిరమైన సంయోగం దొరకడం యాదృచ్ఛికం కాదు. రెండు శ్రేణులనూ నడిపిస్తున్న అస్థిర భాగం ఒకటే అయినపుడు మాత్రమే తగిన గుణకంతో తీసివేసినపుడు అది రద్దయి స్థిరమైన భాగం మిగులుతుంది. ఈ ఉమ్మడి భాగాన్ని ఉమ్మడి ధోరణి అంటారు.

ఒకే కాడికి కట్టిన రెండు ఎడ్లతో దీనిని పోల్చవచ్చు. బండి ఎటు పోతుందో ముందుగా చెప్పలేకపోయినా, రెండు ఎడ్ల మధ్య దూరం ఎంత ఉంటుందో చెప్పవచ్చు. మైఖేల్ ముర్రే 1994లో వ్రాసిన ఒక వ్యాసంలో మత్తులో తూలుతూ నడిచే స్త్రీని, ఆమె వెంట తిరిగే కుక్కను ఉదాహరణగా తీసుకున్నాడు. ఇద్దరి దారీ యాదృచ్ఛికమే. కాని ఆమె కుక్కను పిలుస్తూ, కుక్క మొరుగుతూ ఒకరినొకరు వెదుక్కోవడం వలన వారి మధ్య దూరం హద్దు మీరదు. గ్రాంజర్ తన నోబెల్ ఉపన్యాసంలో ముత్యాల దండ పోలికను వాడాడు.

ఎక్కువ శ్రేణులు ఉన్నపుడు ఒకటి కంటే ఎక్కువ స్వతంత్ర సహసమాకలన సంబంధాలు ఉండవచ్చు. ఐదు ఐ(1) శ్రేణులలో రెండు సంబంధాలు ఉంటే వాటిని నడిపించే ఉమ్మడి ధోరణులు మూడు. శ్రేణుల సంఖ్య నుండి సంబంధాల సంఖ్యను తీసివేస్తే ఉమ్మడి ధోరణుల సంఖ్య వస్తుంది.

చరిత్ర

దోష సవరణ భావన సహసమాకలన సిద్ధాంతం కంటే పాతది. ఎ. డబ్ల్యు. ఫిలిప్స్ 1950లలో ఆర్థిక స్థిరీకరణ విధానాలను చర్చిస్తూ నియంత్రణ యంత్రశాస్త్రం నుండి ఈ ఆలోచనను తెచ్చాడు. లక్ష్యానికి, వాస్తవ విలువకు మధ్య గల తేడానుబట్టి చర్యను సర్దుబాటు చేయడం ఇందులోని మూలసూత్రం. లండన్ స్కూల్ ఆఫ్ ఎకనామిక్స్‌లో డెనిస్ సార్గన్ 1964లో బ్రిటన్ వేతనాలు, ధరలపై చేసిన అధ్యయనంలో దీనిని అర్థమితి సమీకరణంగా మలచాడు.

1978లో జేమ్స్ డేవిడ్‌సన్, డేవిడ్ హెండ్రీ, ఫ్రాంక్ స్రబా, స్టీఫెన్ యో బ్రిటన్‌లో వినియోగ వ్యయానికి, ఆదాయానికి గల సంబంధంపై ఒక ప్రసిద్ధ వ్యాసం ప్రచురించారు. 1970లలో ద్రవ్యోల్బణం పెరిగినపుడు అంతకుముందరి వినియోగ సమీకరణాలు సరిగా పనిచేయలేదు. గత కాలంలో వినియోగానికి, ఆదాయానికి మధ్య ఉన్న నిష్పత్తి దీర్ఘకాలిక స్థాయి నుండి ఎంత తప్పిందో తెలిపే పదాన్ని, ద్రవ్యోల్బణాన్ని చేర్చిన వీరి సమీకరణం ఆ కాలపు దత్తాంశాలకు మెరుగుగా సరిపోయింది.

అయితే అస్థిర శ్రేణుల విలువలను ఇలా సమీకరణంలో ఉంచడం ఎంతవరకు సబబు అనే ప్రశ్న మిగిలింది. రెండు సమాకలిత శ్రేణుల తేడా స్థిరంగా ఉండవచ్చునని హెండ్రీ అనగా, అది తప్పని నిరూపించవచ్చునని గ్రాంజర్ సమాధానమిచ్చాడు. అలా నిరూపించబోయి హెండ్రీ చెప్పినదే సరియైనదని తేల్చుకున్నానని గ్రాంజర్ స్వయంగా తన నోబెల్ ఉపన్యాసంలో చెప్పాడు. 1981లో వెలువడిన గ్రాంజర్ వ్యాసంలో ఈ భావన మొదట కనిపిస్తుంది. 1987లో ఎకనోమెట్రికా పత్రికలో ఎంగిల్, గ్రాంజర్ కలసి వ్రాసిన వ్యాసం దీనికి సంపూర్ణ రూపాన్నిచ్చింది. ఆర్థిక శాస్త్రంలో అత్యధికంగా ఉదహరించబడే వ్యాసాలలో ఇది ఒకటి.

దోష సవరణ నమూనా

ఒక ఊహాత్మకమైన ఉదాహరణతో ఈ నమూనాను వివరించవచ్చు. ఒక సరుకు టోకు ధర యాదృచ్ఛిక నడకలా మారుతూ ఉంటుందనుకొందాం. చిల్లర ధర దీర్ఘకాలంలో టోకు ధర కంటే 5 రూపాయలు ఎక్కువగా ఉంటుంది. ఈ నెల చిల్లర ధర క్రింది సమీకరణాన్ని అనుసరిస్తుందనుకొందాం:

ఈ నెల చిల్లర ధర = 2 + 0.6 × గత నెల చిల్లర ధర + 0.3 × ఈ నెల టోకు ధర + 0.1 × గత నెల టోకు ధర + యాదృచ్ఛిక దోషం

రెండు వైపులా గత నెల చిల్లర ధరను తీసివేసి పదాలను తిరిగి అమర్చితే ఇదే సమీకరణం ఈ రూపం పొందుతుంది:

చిల్లర ధరలో మార్పు = 0.3 × టోకు ధరలో మార్పు − 0.4 × (గత నెల చిల్లర ధర − 5 − గత నెల టోకు ధర) + యాదృచ్ఛిక దోషం

ఇదే దోష సవరణ నమూనా. రెండవ సమీకరణం మొదటిదానికి రూపాంతరమే తప్ప కొత్త ఊహ ఏదీ చేర్చబడలేదు. కాని ఇందులోని ప్రతి గుణకానికి స్పష్టమైన అర్థం ఉన్నది. 0.3 అనేది స్వల్పకాలిక ప్రభావం. టోకు ధర ఒక రూపాయి పెరిగిన నెలలోనే చిల్లర ధర 30 పైసలు పెరుగుతుంది. కుండలీకరణాలలోని పదం గత నెలలో సమతాస్థితి నుండి జరిగిన తప్పిదం, అనగా దోషం. 0.4 అనేది సర్దుబాటు వేగం. గత నెల దోషంలో 40 శాతం ఈ నెలలో సవరించబడుతుంది. దోషానికి ముందు రుణ చిహ్నం ఉండటం తప్పనిసరి. చిల్లర ధర ఉండవలసిన దానికంటే ఎక్కువగా ఉంటే అది తగ్గాలి, తక్కువగా ఉంటే పెరగాలి.

మొదట టోకు ధర 100 రూపాయలు, చిల్లర ధర 105 రూపాయలు అనుకొని, టోకు ధర ఒక్కసారిగా 110 రూపాయలకు పెరిగి అక్కడే నిలిచినదనుకొంటే, ఇతర కుదుపులు లేనపుడు చిల్లర ధర ఇలా మారుతుంది:

- 0వ నెల: టోకు ధర 100, చిల్లర ధర 105, సమతాస్థితి ధర 105, లోటు 0
- 1వ నెల: టోకు ధర 110, చిల్లర ధర 108, సమతాస్థితి ధర 115, లోటు 7
- 2వ నెల: టోకు ధర 110, చిల్లర ధర 110.80, సమతాస్థితి ధర 115, లోటు 4.20
- 3వ నెల: టోకు ధర 110, చిల్లర ధర 112.48, సమతాస్థితి ధర 115, లోటు 2.52
- 4వ నెల: టోకు ధర 110, చిల్లర ధర 113.49, సమతాస్థితి ధర 115, లోటు 1.51

ప్రతి నెలా లోటు అంతకుముందు దానిలో 60 శాతానికి తగ్గుతుంది. దోషం సగానికి తగ్గడానికి పట్టే కాలాన్ని అర్ధకాలం అంటారు. ఇక్కడ అది సుమారు 1.4 నెలలు. సర్దుబాటు వేగం 0.2 అయివుంటే అర్ధకాలం సుమారు 3.1 నెలలు అయ్యేది. భేదాల సమీకరణాన్ని మాత్రమే వాడినవారు చిల్లర ధర 3 రూపాయలు పెరిగి ఆగుతుందని భావిస్తారు. మిగిలిన 7 రూపాయల పెరుగుదల వారి లెక్కకు అందదు.

గ్రాంజర్ ప్రాతినిధ్య సిద్ధాంతం

ఐ(1) శ్రేణులు సహసమాకలితాలైతే వాటిని దోష సవరణ రూపంలో వ్రాయడం ఎల్లపుడూ సాధ్యమేనని, దోష సవరణ రూపంలో నడిచే ఐ(1) శ్రేణులు సహసమాకలితాలై తీరుతాయని ఈ సిద్ధాంతం తెలుపుతుంది. దీనికి రెండు ముఖ్యమైన పర్యవసానాలు ఉన్నాయి.

మొదటిది, సహసమాకలితాలైన రెండు శ్రేణులలో కనీసం ఒకటి గత దోషానికి స్పందించి తీరాలి. లేనిచో వాటిని కలిపి ఉంచే శక్తి ఏదీ ఉండదు. అనగా కనీసం ఒక దిశలోనైనా గ్రాంజర్ కారణత్వం ఉంటుంది. ఏ శ్రేణి స్పందిస్తుందో సర్దుబాటు గుణకాలను బట్టి తెలుస్తుంది. పై ఉదాహరణలో సర్దుకొనేది చిల్లర ధర మాత్రమే, టోకు ధర తన దారిన తాను పోతుంది. ఇలా దోషానికి స్పందించని చలరాశిని దీర్ఘకాలిక గుణకాల విషయంలో దుర్బల బాహ్య చలరాశి అంటారు.

రెండవది, సహసమాకలిత శ్రేణులకు భేదాలు మాత్రమే వాడి నిర్మించిన సదిశ స్వయంప్రతిగమన నమూనా అసంపూర్ణమైనది. అందులో దోష సవరణ పదం లోపించినందున అంచనాలు పక్షపాతంతో కూడుకొని ఉంటాయి.

పరీక్షా పద్ధతులు

ఎంగిల్-గ్రాంజర్ రెండంచెల పద్ధతి

మొదట ప్రతి శ్రేణీ ఐ(1) అవునో కాదో డేవిడ్ డికీ, వేన్ ఫుల్లర్ 1979లో ప్రతిపాదించిన పరీక్ష వంటి దానితో నిర్ధారించుకుంటారు. పిదప మొదటి అంచెలో ఒక శ్రేణిని మరొకదానిపై కనిష్ఠ వర్గాల పద్ధతిలో ప్రతిగమనం చేసి అవశేషాలను లెక్కిస్తారు. అవశేషాలలో ఏకక మూలం ఉన్నదా అని పరీక్షిస్తారు. ఉన్నట్లయితే సహసమాకలనం లేదు, ఆ ప్రతిగమనం మిథ్య. లేనట్లయితే రెండవ అంచెలో ఆ అవశేషాలను ఒక కాలం వెనుకకు జరిపి దోష సవరణ సమీకరణంలో ఉంచుతారు.

ఇక్కడ సాధారణ పట్టికలలోని సందిగ్ధ విలువలు పనికిరావు. 5 శాతం సార్థకత స్థాయిలో, పెద్ద ప్రతిదర్శానికి, సామాన్య విభాజనం ప్రకారం ఏకపక్ష సందిగ్ధ విలువ −1.645. స్థిరపదంతో కూడిన డికీ-ఫుల్లర్ పరీక్షకు అది −2.86. రెండు చలరాశుల మధ్య సహసమాకలన పరీక్షకు −3.34. కనిష్ఠ వర్గాల పద్ధతి అవశేషాలను వీలైనంత చిన్నవిగా ఉండేటట్లు ఎన్నుకుంటుంది కనుక, అవి నిజంగా స్థిరం కాకపోయినా స్థిరంగా ఉన్నట్లు కనిపిస్తాయి. అందువలన నిబంధన కఠినంగా ఉండవలసి వచ్చింది. చలరాశుల సంఖ్య పెరిగేకొలదీ ఇది మరింత కఠినమవుతుంది.

సహసమాకలనం ఉన్నపుడు మొదటి అంచెలోని గుణకపు అంచనా అతి నిలకడ కలిగినదని జేమ్స్ స్టాక్ 1987లో చూపాడు. సాధారణ ప్రతిగమనంలో ప్రతిదర్శం నాలుగు రెట్లయితే అంచనాలోని దోషం సగమవుతుంది. సహసమాకలిత శ్రేణులలో అది నాలుగవ వంతుకు తగ్గుతుంది. అయినప్పటికీ చిన్న ప్రతిదర్శాలలో ఈ అంచనాలో గణనీయమైన పక్షపాతం ఉండవచ్చు.

యోహాన్సెన్ పద్ధతి

రెండు కంటే ఎక్కువ చలరాశులు ఉన్నపుడు ఎంగిల్-గ్రాంజర్ పద్ధతి చాలదు. అది ఒక్క సంబంధాన్నే చూపగలదు, పైగా ఏ చలరాశిని ఎడమవైపు ఉంచారన్న దానిని బట్టి ఫలితం మారవచ్చు. డెన్మార్కులోని కోపెన్‌హాగన్ విశ్వవిద్యాలయానికి చెందిన సోరెన్ యోహాన్సెన్ 1988లో గరిష్ఠ సంభావ్యతపై ఆధారపడిన పద్ధతిని ప్రతిపాదించాడు. ఇందులో చలరాశులన్నిటినీ సమానంగా చూస్తూ సదిశ దోష సవరణ నమూనాను నిర్మిస్తారు. గత విలువలను గుణించే మాత్రిక కోటి ఎంతో తెలుసుకోవడమే ఇందులో ప్రధాన సమస్య.

- కోటి సున్న అయితే సహసమాకలన సంబంధాలు లేవు. భేదాలతో నమూనా నిర్మించవచ్చు.
- కోటి చలరాశుల సంఖ్యకు సమానమైతే శ్రేణులన్నీ మొదటినుండీ స్థిరమైనవే.
- కోటి ఈ రెండింటి మధ్య ఉంటే అది స్వతంత్ర సహసమాకలన సంబంధాల సంఖ్యను సూచిస్తుంది.

కోటిని నిర్ధారించడానికి లాక్షణిక మూలాలపై ఆధారపడిన రెండు పరీక్షలను వాడతారు. ఒకటి ట్రేస్ పరీక్ష, రెండవది గరిష్ఠ లాక్షణిక మూల పరీక్ష. 1990లో యోహాన్సెన్, కాటరీనా యుసేలియస్ ఈ పద్ధతిని డెన్మార్క్, ఫిన్లాండ్ దేశాల ద్రవ్య డిమాండ్‌కు అనువర్తించి చూపారు.

హద్దుల పరీక్ష

కొన్ని శ్రేణులు ఐ(0), కొన్ని ఐ(1) అయినపుడు, లేదా ఏది ఏ తరగతికి చెందినదో తేలనపుడు 2001లో హషీమ్ పెసరన్, యోంగ్‌చియోల్ షిన్, రిచర్డ్ స్మిత్ ప్రతిపాదించిన హద్దుల పరీక్ష ఉపయోగపడుతుంది. ఇందులో రెండు సందిగ్ధ విలువలు ఉంటాయి. లెక్కించిన విలువ పై హద్దు కంటే ఎక్కువైతే దీర్ఘకాలిక సంబంధం ఉన్నదని, క్రింది హద్దు కంటే తక్కువైతే లేదని నిర్ణయిస్తారు. మధ్యలో పడితే ఏమీ తేలదు. అయితే ఐ(2) శ్రేణులకు ఇది వర్తించదు.

అనువర్తనాలు

1987 వ్యాసంలోనే ఎంగిల్, గ్రాంజర్ అమెరికా దత్తాంశాలపై తమ పద్ధతిని పరీక్షించారు. వినియోగం, ఆదాయం సహసమాకలితాలని తేలింది. స్వల్పకాలిక, దీర్ఘకాలిక వడ్డీ రేట్లు కూడా సహసమాకలితాలే. వేతనాలు, ధరలు మాత్రం కావు. నామమాత్రపు జాతీయోత్పత్తికి ఎం2 ద్రవ్య పరిమాణంతో సహసమాకలనం కనిపించగా, ఎం1, ఎం3 లతో కనిపించలేదు. సిద్ధాంతరీత్యా సహజమనిపించే సంబంధాలు కూడా పరీక్షలో నిలవకపోవచ్చునని ఈ ఫలితాలు తెలుపుతాయి.

అదే సంవత్సరం జాన్ క్యాంప్‌బెల్, రాబర్ట్ షిల్లర్ షేర్ల ధరలకు, డివిడెండ్లకు మధ్య సంబంధాన్ని ఈ దృష్టితో పరిశీలించారు. 1991లో రాబర్ట్ కింగ్, ప్లాసర్, స్టాక్, మార్క్ వాట్సన్ ఉత్పత్తి, వినియోగం, పెట్టుబడి ఒకే ఉమ్మడి ధోరణిని అనుసరిస్తాయా అనే ప్రశ్నను చర్చించారు. కొనుగోలు శక్తి సమతా సిద్ధాంతాన్ని పరీక్షించడానికి, ద్రవ్య డిమాండ్ అంచనాకు కేంద్ర బ్యాంకులు ఈ పద్ధతులను విరివిగా వాడాయి.

వ్యవసాయ మార్కెట్ల అనుసంధానం మరొక ముఖ్యమైన రంగం. మార్టిన్ రవాలియన్ 1986లో బంగ్లాదేశ్ బియ్యం మార్కెట్ల ధరలపై స్వల్పకాలిక, దీర్ఘకాలిక అనుసంధానాన్ని వేరు చేసి చూపే నమూనాను వాడాడు. రెండు ఊళ్ళ ధరలు సహసమాకలితాలై సర్దుబాటు వేగం ఎక్కువగా ఉంటే, ఒకచోట ప్రభుత్వం విడుదల చేసిన నిల్వల ప్రభావం రెండవచోటికి త్వరగా చేరుతుంది. అనుసంధానం లేనిచో కొరత ఏర్పడిన ప్రాంతానికి నేరుగా ధాన్యం పంపవలసి ఉంటుంది. గుంటూరు, ఖమ్మం, వరంగల్ మిర్చి మార్కెట్లలో ఏ ధర ముందు కదులుతుంది, ఏది దానిని అనుసరిస్తుంది అనే ప్రశ్నకు సమాధానం వెదకడానికి కూడా ఇదే పద్ధతిని అనుసరించవచ్చు.

సహసంబంధంతో భేదం

సహసమాకలనాన్ని సహసంబంధంతో కలగలపడం సాధారణంగా జరిగే పొరపాటు. రెండు శ్రేణుల రోజువారీ మార్పుల మధ్య సహసంబంధం చాలా ఎక్కువగా ఉన్నా, వాటి మధ్య దూరం కొద్దికొద్దిగా పేరుకొని అవి శాశ్వతంగా విడిపోవచ్చు. దీనికి విరుద్ధంగా, మార్పుల మధ్య సహసంబంధం తక్కువగా ఉన్న శ్రేణులు కూడా నెమ్మదిగా సర్దుకుంటూ దీర్ఘకాలంలో కలిసి సాగవచ్చు. షేర్ల జతలను ఎన్నుకొని, వాటి ధరల మధ్య దూరం పెరిగినపుడు అది తిరిగి తగ్గుతుందని పందెం కట్టే జంట వ్యాపార పద్ధతిలో ఈ భేదం తెలియకపోతే నష్టం కలుగుతుంది. సహసంబంధాన్ని మాత్రమే చూసి ఎన్నుకొన్న జతలో దూరం తిరిగి తగ్గాలనే నియమం ఏదీ లేదు.

పరిమితులు

- పరీక్షల శక్తి తక్కువ. సర్దుబాటు చాలా నెమ్మదిగా ఉన్నపుడు నిజంగా ఉన్న సహసమాకలనాన్ని కూడా ఇవి గుర్తించలేకపోవచ్చు. పరీక్ష శక్తి పరిశీలనల సంఖ్య కంటే అవి వ్యాపించిన కాలంపై ఎక్కువగా ఆధారపడుతుందని షిల్లర్, పియరీ పెరాన్ 1985లో చూపారు. రెండేళ్ళ రోజువారీ దత్తాంశాల కంటే యాభై ఏళ్ళ వార్షిక దత్తాంశాలు ఎక్కువ ఉపయోగకరం.
- విధానాలు మారడం, యుద్ధాలు, సంక్షోభాలు వంటి వాటి వలన దీర్ఘకాలిక సంబంధమే మారిపోతే సాధారణ పరీక్షలు దారి తప్పుతాయి. అలన్ గ్రెగరీ, బ్రూస్ హాన్సెన్ 1996లో ఇటువంటి మార్పును అనుమతించే పరీక్షను ప్రతిపాదించారు.
- యోహాన్సెన్ పద్ధతిలో ఫలితాలు విలంబాల సంఖ్యపై, స్థిరపదం, కాలధోరణి చేర్చిన తీరుపై ఆధారపడతాయి. చిన్న ప్రతిదర్శాలలో లేని సంబంధాలు ఉన్నట్లు చూపే అవకాశం ఎక్కువ.
- సహసమాకలన సదిశ గణితపరంగా లభించినంత మాత్రాన దానికి ఆర్థికపరమైన అర్థం ఉన్నదని చెప్పలేము. ఒకటి కంటే ఎక్కువ సదిశలు ఉన్నపుడు వాటి ఏ సంయోగమైనా సహసమాకలన సదిశే అవుతుంది. వాటిలో ఏది డిమాండు, ఏది సరఫరా అన్నది సిద్ధాంతం ఆధారంగానే నిర్ణయించాలి.
- ఇక్కడ సమతాస్థితి అనే పదం సాంఖ్యక నియమాన్ని మాత్రమే సూచిస్తుంది. ఆ స్థితి కోరదగినదని గాని, న్యాయమైనదని గాని దానికి అర్థం లేదు.

గ్రంథాలు

ఈ విషయంపై వెలువడిన ప్రామాణిక గ్రంథాలలో అనింద్య బెనర్జీ, హువాన్ డొలాడో, జాన్ గాల్‌బ్రెయిత్, హెండ్రీ 1993లో ప్రచురించిన గ్రంథం, 1995లో వెలువడిన యోహాన్సెన్ గ్రంథం ముఖ్యమైనవి. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో గణితశాస్త్రంలో పట్టభద్రుడై, షికాగో విశ్వవిద్యాలయంలో డాక్టరేటు పొందిన అర్థమితి శాస్త్రవేత్త జి. ఎస్. మద్దాల, ఇన్-మూ కిమ్‌తో కలసి ఏకక మూలాలు, సహసమాకలనం, నిర్మాణాత్మక మార్పులపై వ్రాసిన గ్రంథాన్ని 1998లో కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయ ముద్రణాలయం ప్రచురించింది. అప్పటికి వెలువడిన అనేక పరీక్షలను పోల్చి, వాటిలో ఏవి ఆచరణలో ఉపయోగపడతాయో విమర్శనాత్మకంగా చర్చించడం ఈ గ్రంథం ప్రత్యేకత. మద్దాల 1999లో మరణించాడు. గ్రాంజర్ 2009 మే 27న అమెరికాలోని శాండియాగోలో మరణించాడు.

ఇవి కూడా చూడండి

- అర్థమితి శాస్త్రం
- కాలశ్రేణి
- ప్రతిగమన విశ్లేషణ
- సహసంబంధం
- యాదృచ్ఛిక నడక
- గ్రాంజర్ కారణత్వం
- క్లైవ్ గ్రాంజర్
- రాబర్ట్ ఎంగిల్
- జి. ఎస్. మద్దాల

వర్గాలు: అర్థమితి శాస్త్రం, సాంఖ్యక శాస్త్రం, కాలశ్రేణుల విశ్లేషణ